నీరు పారుతుంది, అల నిలుస్తుంది

జర్మనీలోని మ్యూనిక్ నగరం నడిబొడ్డున హౌస్ డెర్ కున్‌స్ట్ అనే కళాప్రదర్శనశాల ఉంది. దాని పక్కనే ఒక చిన్న వంతెన. దాని కింద నుంచి ఐస్‌బాహ్ అనే కాలువ ఉరవడిగా బయటికి దూకుతుంది. ఈజార్ నది నుంచి మనుషులు మళ్ళించి తెచ్చుకున్న పాయ అది. పొడవు సుమారు రెండు కిలోమీటర్లు. ఇంగ్లిష్ గార్డెన్ అనే విశాలమైన ఉద్యానవనం గుండా పారి మళ్ళీ ఈజార్‌లోనే కలుస్తుంది.

వంతెన దాటగానే ఆ కాలువలో ఒక అల లేచేది. దాదాపు 12 మీటర్ల వెడల్పు, సుమారు మీటరు ఎత్తు. అది ఒడ్డుకు కొట్టుకొచ్చి విరిగిపోయే అల కాదు. పగలూ రాత్రీ, వేసవిలో, మంచు కురిసే చలికాలంలో, ఒకే చోట నిలబడి ఉండేది. 1970ల నుంచి సర్ఫర్లు, అంటే బోర్డు మీద నిలబడి అలల మీద జారేవాళ్ళు, దాన్ని ఎక్కుతూ వచ్చారు. రెండు గట్ల మీదా బోర్డులు పట్టుకుని వరసకట్టేవారు. ఒకరు దిగి, పడిపోయేదాకా ఆడాకే తర్వాతి వాళ్ళ వంతు. సముద్రం అక్కడికి వందల కిలోమీటర్ల దూరం.

పారే నీటిలో అల ఎందుకు నిలబడుతుంది? దాని మీద మనిషి ఎలా నిలబడతాడు? అదే నీరు ఎప్పుడు ఆటస్థలం, ఎప్పుడు ప్రాణాంతకం? ఈ మూడు ప్రశ్నలనూ విప్పే తాళంచెవి ఒకటే. అది నీటి వేగానికీ, లోతుకూ మధ్య ఉన్న సంబంధం.

అల వేగం, నీటి వేగం

సముద్రంలో అల ఒడ్డుకు వస్తుంటే నీరంతా కట్టగట్టుకుని వస్తున్నట్టు కనిపిస్తుంది. తీరానికి దూరంగా నీటి మీద తేలే ఒక బెండును గమనిస్తే అసలు సంగతి తెలుస్తుంది. అల వచ్చినప్పుడు బెండు పైకి లేచి, కొంచెం ముందుకు జరిగి, కిందికి దిగి, దాదాపు మొదటి చోటికే చేరుతుంది. సాగిపోయేది అల ఆకారం, దానితో పాటు శక్తి. నీరు చాలావరకు ఉన్నచోటే గుండ్రంగా తిరుగుతుంది.

నదిలో నిలిచిన అల దగ్గర ఇది తలకిందులవుతుంది. ఆకారం కదలదు, నీరు కదులుతుంది. ఈ క్షణం అలలో ఉన్న నీరు మరుక్షణం దిగువకు పోయి ఉంటుంది. ఎగువ నుంచి వచ్చిన కొత్త నీరు అదే ఆకారాన్ని తొడుక్కుంటుంది. ఎప్పుడూ దిగువకు పారే నీటిలో అల ఉన్నచోటే ఉండాలంటే, నీటితో పోల్చినప్పుడు అది అంతే వేగంతో ఎగువకు పరుగెత్తుతూ ఉండాలి. రెండు వేగాలూ సరిగ్గా సమానమైతేనే గట్టు మీద నిలబడ్డ మనకు అల ఆగినట్టు కనిపిస్తుంది.

లోతు తక్కువ ఉన్న నీటిలో పొడవాటి, ఎత్తు తక్కువ ఉన్న అల ఎంత వేగంగా పోతుందో చెప్పే సూత్రం చాలా సరళమైనది. భూమ్యాకర్షణ త్వరణాన్ని నీటి లోతుతో గుణించి వర్గమూలం తీస్తే చాలు. లోతు 40 సెంటీమీటర్లైతే అల వేగం సెకనుకు సుమారు 2 మీటర్లు. లోతు 10 మీటర్లైతే సుమారు 10 మీటర్లు. పలుచని నీటిలో అల నెమ్మది, లోతైన నీటిలో అల చురుకు.

ఇప్పుడు నీటి వేగాన్ని ఈ అల వేగంతో భాగించండి. వచ్చే అంకెను ఫ్రూడ్ సంఖ్య అంటారు. ఓడల చిన్న నమూనాలను నీటి తొట్టిలో లాగి, అసలు ఓడకు ఎంత నిరోధం ఎదురవుతుందో లెక్కకట్టే పద్ధతిని స్థిరపరచిన ఇంగ్లిష్ ఇంజనీరు విలియం ఫ్రూడ్ (1810–1879) పేరు మీద అది నిలిచింది. ఫ్రూడ్ సంఖ్య 1 కంటే తక్కువైతే ప్రవాహం నిదానమైనది. రాయి వేస్తే పుట్టిన అలలు ఎగువకు కూడా పాకుతాయి. 1 కంటే ఎక్కువైతే నీరు అలకంటే వేగంగా పోతోందన్నమాట. అప్పుడు ఏ అలజడీ ఎగువకు చేరలేదు. దిగువన ఏ అడ్డంకి ఉందో ఎగువ నీటికి తెలిసే దారే ఉండదు.

అలా దూసుకొచ్చిన పలుచని నీరు, ముందున్న లోతైన నిదానపు నీటిని ఒక్కసారిగా ఢీకొంటుంది. క్రమంగా సర్దుకునే అవకాశం లేక ఉన్నపళంగా పైకి లేస్తుంది. ఇంజనీర్లు దీన్నే హైడ్రాలిక్ జంప్ అంటారు. ఐస్‌బాహ్ అల ఈ కుటుంబానికి చెందినదే.

వంటింట్లో ఒక ప్రయోగం

దీన్ని చూడటానికి మ్యూనిక్ దాకా పోనక్కర్లేదు. స్టీలు పళ్ళాన్ని కొళాయి కింద బోర్లించి సన్నని ధార వదలండి. ధార పడిన చోటు చుట్టూ నీరు అద్దంలా పలుచగా పరుచుకుంటుంది. కొంత దూరం పోయాక గుండ్రని గట్టులా లేస్తుంది. గట్టు లోపల ఉన్న పలుచని నీటిలో వేలి కొన పెట్టండి. దాని వెనక కోసుగా గీత ఏర్పడుతుంది గానీ ధార వైపుకు అల పోదు. గట్టు బయట వేలు పెడితే చిన్న అలలు అన్ని వైపులకూ పోతాయి.

ఇంత పలుచని నీటి పొరలో భూమ్యాకర్షణతో పాటు తలతన్యత కూడా గట్టిగా పనిచేస్తుంది. 2018లో కేంబ్రిడ్జ్ విశ్వవిద్యాలయ పరిశోధకులు, పళ్ళెం మీది వలయానికి అసలు కారణం తలతన్యతేనని వాదించారు. దాని మీద శాస్త్రవేత్తల మధ్య చర్చ సాగింది. నదుల్లో, కాలువల్లో మాత్రం తలతన్యత లెక్కలోకి రాదు. అక్కడ రాజ్యమంతా భూమ్యాకర్షణదే.

హైడ్రాలిక్ జంప్‌ను లియొనార్డో డావిన్సీ బొమ్మలుగా గీశాడు. 19వ శతాబ్దం తొలి పాదంలో ఇటలీలోని టూరిన్ నగరంలో జోర్జియో బిడోనే దాన్ని ప్రయోగశాలలో కొలిచాడు. ఆ తర్వాత ఫ్రాన్స్‌కు చెందిన బెలాంజె దానికి సరైన సమీకరణాన్ని ఇచ్చాడు. ఎగువ లోతు, ఫ్రూడ్ సంఖ్య తెలిస్తే చాలు, జంప్ తర్వాత నీరు ఎంత లోతుకు చేరుతుందో ఆ సమీకరణం చెబుతుంది.

ఐస్‌బాహ్‌లో సెకనుకు దాదాపు 20 ఘనపు మీటర్ల నీరు పారుతుంది. వెడల్పు 12 మీటర్లు, లోతు 40 సెంటీమీటర్లు అనుకుంటే నీటి వేగం సెకనుకు 4 మీటర్లకు కాస్త పైన వస్తుంది. లెక్క తేలికగా ఉండటానికి 4 అనే తీసుకుందాం. ఆ లోతులో అల వేగం 2 మీటర్లు కాబట్టి ఫ్రూడ్ సంఖ్య 2. బెలాంజె సమీకరణంలో ఈ అంకెలు వేస్తే జంప్ తర్వాతి లోతు సుమారు 95 సెంటీమీటర్లు వస్తుంది. అంటే నీటి మట్టం రెట్టింపుకు మించి లేచింది.

ఫ్రూడ్ సంఖ్య మారితే అల స్వభావమే మారిపోతుంది. 1 కంటే కాస్త ఎక్కువ ఉన్నంతవరకూ నీరు నురగ లేకుండా వరసగా మెలికలు తిరుగుతుంది. 2 ప్రాంతంలో శిఖరం మీద నురగ కడుతుంది. 4, 5 దాటితే నునుపైన వాలు ఉండదు; కనిపించేదంతా తెల్లగా పొర్లే నీరే. సర్ఫర్‌కు కావలసింది ఈ రెండు కొసల మధ్య ఉన్న ఇరుకైన మేర. జారడానికి వాలు ఉండాలి, ఆ వాలు నునుపుగా ఉండాలి.

ఇదే జంప్ ఒక్కోసారి నడుస్తుంది కూడా. సముద్రపు పోటు నదీముఖంలోకి గోడలా చొచ్చుకొచ్చే బోర్ అలాంటిదే. కోల్‌కతా దగ్గర హుగ్లీలో అది కనిపిస్తుంది. ఇంగ్లండ్‌లోని సెవర్న్ నదిలో 1955లో జాక్ చర్చిల్ అనే సైనికాధికారి బోర్ మీద సర్ఫింగ్ చేశాడు. బోర్‌తో సమానంగా గట్టు మీద పరుగెత్తే మనిషికి అది నిలిచిన అలలాగే కనిపిస్తుంది.

పోయిన శక్తి ఎక్కడికి పోయింది?

జంప్ దాటిన నీటికి, దూకి వచ్చిన నీటికున్నంత శక్తి ఉండదు. మనం వేసుకున్న అంకెల ప్రకారం అక్కడ సెకను సెకనుకూ పోయే శక్తి 20 కిలోజౌళ్ళకు పైనే. ఈ శక్తి సుడులుగా, ఆ సుడుల్లో చిన్న సుడులుగా చీలి, చివరకు వేడిగా మారుతుంది. అలాగని ఐస్‌బాహ్‌లో దిగిన వాళ్ళకు వెచ్చదనం ఏమీ తగలదు. అంత నీటికి పంచితే పెరిగే ఉష్ణోగ్రత డిగ్రీలో పదివేలవ వంతులు మూడు కూడా ఉండదు.

కదలిక వేడిగా మారుతుందన్న ఆలోచనకు ఈ ఊరితో గట్టి బంధం ఉంది. ఐస్‌బాహ్ పారే ఇంగ్లిష్ గార్డెన్ 1789లో మొదలైంది. దాన్ని ప్రతిపాదించినవాడు అమెరికాలో పుట్టి బవేరియా కొలువులో చేరిన బెంజమిన్ థాంప్సన్. కౌంట్ రమ్‌ఫర్డ్ అన్న బిరుదు పేరుతోనే లోకానికి ఎక్కువగా తెలుసు. మ్యూనిక్ ఆయుధశాలలో ఫిరంగి గొట్టాలకు బెజ్జం తొలిచేటప్పుడు పుట్టే వేడిని ఆయన గమనించాడు. గొట్టాన్ని నీటిపెట్టెలో ఉంచి, మొద్దు బరమాతో, గుర్రాల బలంతో తొలిపించాడు. రెండున్నర గంటలకు, నిప్పన్నదే లేకుండా, నీళ్ళు మరిగాయి. వేడి ఒక పదార్థం కాదు, అది కదలిక అని 1798లో ఆయన ప్రకటించాడు. ఆయన వేయించిన తోటలోని కాలువ ఆ సత్యాన్ని ఇప్పటికీ క్షణక్షణం రుజువు చేస్తూనే ఉంది.

బోర్డు మీద మనిషి

అల ఎక్కిన సర్ఫర్ ఎగువ వైపు ముఖం పెట్టి, వాలు మీద నిలబడతాడు. అతని బరువు వాలు వెంట కిందికి, అంటే ఎగువ వైపుకు లాగుతుంది. బోర్డు కింద దూసుకుపోయే నీరు అతన్ని వెనక్కి, దిగువకు లాగుతుంది. రెండు లాగుళ్ళూ సమానమైతే అతను ఉన్నచోటే ఉంటాడు. 70 కిలోల మనిషి 20 డిగ్రీల వాలు మీద ఉంటే ఈ లాగుడు దాదాపు 24 కిలోల బరువుకు సమానం. గట్టు మీద నుంచి చూస్తే మనిషి నిలబడే ఉన్నాడు. నీటి లెక్కన మాత్రం గంటకు 14 కిలోమీటర్ల వేగంతో జారుతున్నాడు. ఆ వేగం వల్లే నీరు బోర్డును పైకి నెట్టి మోస్తుంది.

కొత్తవాళ్ళకు నేర్పే గైడు చెప్పే ప్రతి మాట వెనకా ఈ బలాల సరితూకమే ఉంటుంది. భయపడిన మనిషి సహజంగా వెనక్కి వాలతాడు. బరువు వెనక కాలి మీద పడగానే బోర్డు తోక మునుగుతుంది, నీటి లాగుడు పెరుగుతుంది, రెప్పపాటులో అల వెనక్కి కొట్టుకుపోతాడు. అందుకే గైడు ‘ముందు కాలి మీద బరువు వెయ్యి’ అంటాడు. మరీ ఎక్కువ వేస్తే బోర్డు ముక్కు నీటిలో గుచ్చుకుంటుంది. ‘కాళ్ళ వంక చూడకు, అవతలి గట్టు చూడు’ అన్నది రెండో పాఠం. చూపు ఎటు తిరిగితే భుజాలు, నడుము అటు తిరుగుతాయి. వాటి వెంట బోర్డు తిరుగుతుంది. మొదట్లో చేతికి తాడో, కడ్డీయో పట్టుకోవడానికి ఇస్తారు. సరితూకం కుదిరాక దాన్ని వదిలేయిస్తారు.

నిలబడటం కన్నా ముందు నేర్పేది పడటం. లోతు తెలియని నీటిలో తలకిందులుగా పడకూడదు. ఒళ్ళు పరిచి పడాలి, చేతులు తలకు అడ్డం పెట్టుకోవాలి. వడిగా పారే నీటిలో లేచి నిలబడే ప్రయత్నం చేయకూడదు. కాళ్ళు పైకి తేల్చి, వడి తగ్గేదాకా నీటితో పోయి, గట్టు పక్కన నీరు వెనక్కి తిరిగే చోటికి ఈదుకుంటూ చేరాలి.

ఐస్‌బాహ్ ఇవన్నీ తొలిసారి నేర్చుకునే చోటు కాదు. 2010లో నగరం ఇక్కడ సర్ఫింగ్‌ను అధికారికంగా అనుమతించింది, అదీ అనుభవం ఉన్నవాళ్ళకే. అదే ఊరికి దక్షిణాన, తెప్పల రేవు పక్కన ఉన్న ఫ్లోస్‌లెండె అల దీనికంటే మెత్తనిది. కొత్తవాళ్ళు అక్కడ మొదలుపెడతారు. కెనడాలోని మాంట్రియల్‌లో, 1967 ప్రపంచ ప్రదర్శన కోసం మోషే సాఫ్దీ కట్టిన హాబిటాట్ 67 భవనాల పక్కన, సెయింట్ లారెన్స్ మహానదిలోనే ఒక అల నిలుస్తుంది. కాలువలో పడితే గట్టు కొన్ని మీటర్ల దూరంలో ఉంటుంది. మహానదిలో పడితే గట్టు చేరడమే పెద్ద పని. అలాంటి చోట ఆ నది తెలిసిన మనిషి వెంట లేకుండా దిగకూడదు.

నీటి బలం

నీటి వేగం రెట్టింపైతే దాని తోపు నాలుగింతలవుతుంది. సెకనుకు 2 మీటర్ల వేగంలో మనిషి కాళ్ళ మీద పడే తోపు సుమారు 40 కిలోల బరువంత అనుకుందాం. 4 మీటర్ల వేగంలో అది 160 కిలోలవుతుంది. అడుగున రాళ్ళ సందులో పాదం ఇరుక్కుంటే ఆ తోపు మనిషిని ముందుకు వంచి నీటిలో అదిమేస్తుంది. ఎంత బలవంతుడైనా లేవలేడు.

బోర్డుకూ కాలికీ మధ్య కట్టుకునే తాడు మామూలుగా రక్షణ కోసమే. 2025 ఏప్రిల్‌లో ఐస్‌బాహ్‌లో రాత్రి పూట సర్ఫింగ్ చేస్తున్న ఒక యువతి తాడు అడుగున ఇరుక్కుంది. ఆమె దాన్ని విప్పుకోలేకపోయింది. కాపాడి ఆసుపత్రికి చేర్చినా కొద్ది రోజులకు చనిపోయింది. అధికారులు అలను మూసేశారు. జూన్ చివర తిరిగి తెరిచినప్పుడు రాత్రి సర్ఫింగ్‌ను నిషేధించారు, ఒక్క లాగుతో విడిపోయే తాడునే వాడాలని నియమం పెట్టారు. ఆ నియమం వెనక ఉన్నది పైన చెప్పిన లెక్కే. అంత తోపులో చిక్కిన మనిషి వంగి చీలమండ దగ్గరి ముడి విప్పుకోలేడు.

ఇంతకంటే మోసకారి నీరు ఇంకొకటుంది. ఆనకట్ట మీదుగా పొర్లి పడే నీటికి దిగువన లోతు మరీ ఎక్కువైతే జంప్ మునిగిపోతుంది. పడిన ధార అడుగున దిగువకు పోతుంటే, పైనున్న నీరు వెనక్కి తిరిగి ఆనకట్ట వైపే పారుతుంది. అందులో చిక్కిన మనిషిని నీరు మళ్ళీ మళ్ళీ ధార కిందికి లాగుతుంది. గాలి బుడగలతో నిండిన ఆ నీటికి సాంద్రత తక్కువ కాబట్టి తేలడం కూడా కష్టం. పైకి చూస్తే పెద్ద అలలే కనిపించవు. ఈతగాళ్ళు కూడా మోసపోయేది అందుకే.

మాయమైన అల

జంప్ ఎక్కడ నిలవాలో నిర్ణయించేది దిగువనున్న లోతు. బెలాంజె చెప్పిన లోతు కన్నా దిగువ నీరు తగ్గితే జంప్ దిగువకు కొట్టుకుపోతుంది. పెరిగితే ఎగువకు జరిగి మునిగిపోతుంది. ఈ సూత్రం ఎంత నిక్కచ్చిదో 2025 శరదృతువులో మ్యూనిక్ కళ్ళారా చూసింది.

అక్టోబరులో, కాలువల్లో నీరు ఆపి అడుగు శుభ్రం చేసే ఏటేటి పని జరిగింది. మళ్ళీ నీరు వదిలాక అల లేవలేదు. అదే కాలువ, అదే వంతెన. పేరుకున్న కంకర, మేట తొలగడంతో అడుగు మట్టం మారి, వేగానికీ లోతుకూ ఉన్న పొత్తు చెదిరిందని నిపుణులు భావించారు. అలను తిరిగి తెచ్చేందుకు నగర అధికారులు, సర్ఫర్ల సంఘం, జలశాస్త్ర నిపుణులు కలిసి ప్రయత్నాలు మొదలుపెట్టారు.  అర్ధ శతాబ్దం ఆ అలను నిలబెట్టింది నీటి వేగం, లోతు, అడుగు మట్టం కలిసిన ఒక సున్నితమైన పొందిక.

ఆ పొందికను కావాలని కట్టుకున్న ఊళ్ళు కూడా ఉన్నాయి. అమెరికాలోని బాయిసీ నగరం 2012లో ప్రారంభించిన నదీ ఉద్యానవనంలో, కదిలే తలుపులతో అల ఆకారాన్ని మార్చే ఏర్పాటు ఉంది. జర్మనీలోనే న్యూరెంబర్గ్‌లో 2022లో, హనోవర్‌లో 2023లో సర్ఫర్లు పూనుకుని అలలు కట్టించుకున్నారు. అయితే నది ఆటస్థలం మాత్రమే కాదు. చేపలు ఎగువకు ఈదే దారి, వరద నీరు పోయే దారి కూడా అదే. అలను కట్టేవాళ్ళు ఈ రెంటికీ జవాబు చెప్పాకే పని మొదలుపెట్టాలి.

మన నదుల దగ్గర

గోదావరి మీద ధవళేశ్వరంలో, కృష్ణ మీద విజయవాడలో బరాజ్ గేట్లు ఎత్తినప్పుడు కింద తెల్లగా ఉడికే నీరు చూడని తెలుగువాళ్ళు తక్కువ. అక్కడ జరిగేదీ ఇదే. గేటు కింద నుంచి దూసుకొచ్చిన నీరు అలాగే పోతే నది అడుగును తవ్వేసి కట్టడాన్నే కూలదోస్తుంది. అందుకని ఇంజనీర్లు కింద గట్టి గచ్చు కట్టి, హైడ్రాలిక్ జంప్‌ను ఆ గచ్చు మీదే లేపి, నీటి ఉరవడిని అక్కడే చంపేస్తారు. మ్యూనిక్‌లో సర్ఫర్‌ను మోసిన సూత్రమే ఇక్కడ బరాజ్‌ను కాపాడుతోంది.

కానీ బరాజ్ దిగువన ఉన్నది సర్ఫింగ్ చేసే నీరు కాదు. గేట్లు ఎప్పుడు ఎంత ఎత్తుతారో దాన్ని బట్టి అక్కడి లోతు, వేగం గంటగంటకూ మారతాయి. కాలువల మీద లాకుల కింద, నీరు మెట్టు దిగే డ్రాపుల కింద నీరు కూడా అలాంటిదే. సెలవుల్లో అక్కడ ఈతకు దిగిన పిల్లలు మునిగిపోయారన్న వార్త మనం తరచూ చదువుతున్నాం. వాళ్ళలో ఈత వచ్చినవాళ్ళూ ఉంటున్నారు. చెరువులో నేర్చిన ఈత జంప్ కింద పనికిరాదు. ఈ సంగతి ప్రతి బడిలో భౌతికశాస్త్రం పాఠంతో పాటే చెప్పాలి. ఉపాధ్యాయులు పిల్లలను గట్టు మీద సురక్షితమైన చోటికి తీసుకెళ్ళి, ఎక్కడ నీరు వెనక్కి తిరుగుతోందో వేలితో చూపాలి. బరాజ్ కింద, డ్రాపు కింద, లాకు కింద నీటిని గట్టు మీద నుంచి తనివితీరా చూడండి. అందులో మాత్రం దిగకండి, పిల్లల్ని దిగనివ్వకండి.